స్క్విడ్ గేమ్: అన్‌లీష్డ్

దక్షిణ కొరియా టెలివిజన్ ధారావాహిక ‘స్క్విడ్ గేమ్’ ఆధారంగా తయారైన మొబైల్ మల్టీప్లేయర్ పార్టీ గేమ్ ఇది. అమెరికాలోని టెక్సస్‌కు చెందిన బాస్ ఫైట్ ఎంటర్‌టైన్‌మెంట్ స్టూడియో రూపొందించింది. నెట్‌ఫ్లిక్స్ 2024 డిసెంబర్ 17న ఆండ్రాయిడ్, ఐఫోన్‌లలో విడుదల చేసింది. ధారావాహిక రెండో సీజన్ రావడానికి అప్పటికి సరిగ్గా తొమ్మిది రోజుల వ్యవధి ఉంది. ఒక్కో ఆటలో 32 మంది వరకు ఇంటర్నెట్ ద్వారా కలుస్తారు. పరుగులు, గెంతులు, తోపులాటలు, చిన్నపాటి ఆయుధాలతో కొట్లాటలు నిండిన రౌండ్లను ఒక్కొక్కటిగా దాటుకుంటూ పోతారు. చివరికి మిగిలినవారు విజేత.

అప్పుల్లో మునిగిన మనుషులు డబ్బు కోసం పిల్లల ఆటలు ఆడి చనిపోవడం మూలకథ. ధనవంతులు ముసుగులు వేసుకుని ఆ చావులను వినోదంగా చూస్తుంటారు. అలా చూడటం ఎంత హేయమో చెప్పడమే ఆ కథ ఉద్దేశం. అదే కథ నుంచి, నలుగురు స్నేహితులు సోఫాలో కూర్చుని నవ్వుకుంటూ ఆడుకునే కాలక్షేపాన్ని ఎలా తీశారన్నదే ఈ ఆట గురించి చెప్పుకోవలసిన ముఖ్య విషయం. ఆట నియమాలు, హంగులు, బొమ్మలు ధారావాహిక నుంచి వచ్చాయి. అప్పు మాత్రం రాలేదు.

మూల ధారావాహిక

‘స్క్విడ్ గేమ్’ రచయిత, దర్శకుడు హ్వాంగ్ డోంగ్ హ్యుక్. 2008 ప్రాంతంలో చేతిలో డబ్బులేని రోజుల్లో ఆయన కామిక్స్ అద్దెకిచ్చే కేఫ్‌లలో కూర్చుని ‘బ్యాటిల్ రాయల్’, ‘లయర్ గేమ్’, ‘కైజీ’ వంటి జపనీస్ బొమ్మల కథలు చదివేవారు. కొరియా నేపథ్యంలో అలాంటి కథ రాస్తే ఎలా ఉంటుందన్న ఆలోచన అక్కడే పుట్టింది. 2009 నాటికి స్క్రిప్టు సిద్ధమైంది గానీ దాదాపు పదేళ్ల పాటు దాన్ని తీయడానికి ఎవరూ ముందుకు రాలేదు. కథ మరీ విపరీతంగా, నమ్మశక్యం కాకుండా ఉందన్నారు. 2019లో నెట్‌ఫ్లిక్స్ ఒప్పుకుంది. 2021 సెప్టెంబర్ 17న తొమ్మిది ఎపిసోడ్ల మొదటి సీజన్ విడుదలైంది. మొదటి నాలుగు వారాల్లో 14 కోట్లకు పైగా ఇళ్లలో చూశారని నెట్‌ఫ్లిక్స్ ప్రకటించింది. అప్పటికి ఆ సంస్థ చరిత్రలో అంత పెద్ద ప్రారంభం మరో సిరీస్‌కు దక్కలేదు.

కథలో 456 మంది ఆటగాళ్లు. ఒక్కో ప్రాణం విలువ పది కోట్ల వోన్లు. ఒకరు చనిపోయిన ప్రతిసారీ పైన వేలాడే గాజు పంది బొమ్మలో ఆ మేరకు నోట్ల కట్టలు పడతాయి. అందరూ పోగా మిగిలినవారికి 4,560 కోట్ల వోన్లు. కథానాయకుడు సియోంగ్ గీ హున్ కార్ల ఫ్యాక్టరీలో ఉద్యోగం పోగొట్టుకున్నవాడు, గుర్రప్పందేలకు బానిస. అతని గతాన్ని రాయడానికి 2009లో జరిగిన శాంగ్‌యాంగ్ మోటార్ కార్మికుల సమ్మె ప్రేరణ అని దర్శకుడు చెప్పారు. ఆ పాత్ర వేసిన లీ జంగ్ జే 2022లో ఉత్తమ నటుడిగా ఎమ్మీ అందుకున్నారు. దర్శకత్వానికి హ్వాంగ్‌కు కూడా అదే ఏడాది ఎమ్మీ వచ్చింది. జీతం ఎగ్గొట్టిన యజమాని వల్ల ఈ ఆటలోకి వచ్చిపడిన పాకిస్తానీ కార్మికుడు అలీ పాత్రను ఢిల్లీలో పెరిగిన భారతీయ నటుడు అనుపమ్ త్రిపాఠీ పోషించారు.

మొదటి ఆటలోనే 255 మంది చనిపోతారు. అది మన పిల్లలు ‘స్టాచ్యూ’ అని ఆడుకునే ఆటకు దగ్గరి చుట్టం. ఒక బొమ్మ అటు తిరిగి పాట పాడుతున్నంతసేపూ పరుగెత్తాలి, ఇటు తిరగగానే కదలకుండా నిలబడాలి. కదిలినవారిని తుపాకీ కాలుస్తుంది. తరువాత డాల్గొనా అనే పంచదార బిళ్లలోంచి ఆకారం విరగకుండా సూదితో ఊడదీయడం, తాడు లాగడం, గోలీలు, ఎక్కడ పగులుతుందో తెలియని గాజు పలకల వంతెన, చివరగా కొరియా పిల్లలు నేల మీద గీసుకుని ఆడే స్క్విడ్ ఆట. రెండో సీజన్‌లో కాళ్లు కట్టేసుకుని జట్టుగా ఆడే పోటీలో గోంగి అనే ఆట వస్తుంది. ఐదు రాళ్లను ఎగరేసి పట్టుకునే ఆ పద్ధతి చూస్తే అచ్చనగిల్లలు ఆడిన తెలుగువాళ్లెవరికీ వివరించాల్సిన పని ఉండదు. అదే పోటీలో బొంగరం కూడా ఉంది.

ఇక్కడ ఒక్క వివరం గుర్తుంచుకోవాలి. మొదటి ఆట తరువాత బతికిన 201 మంది ఓటు వేస్తారు, ఒకే ఒక్క ఓటు తేడాతో ఆట ఆగిపోతుంది, అందరూ ఇళ్లకు వెళ్లిపోతారు. బయటి బతుకు లోపలి కంటే అన్యాయంగా కనిపించడంతో 187 మంది తమంతట తామే తిరిగి వస్తారు. ధారావాహిక బలమంతా ఈ మలుపులోనే ఉంది. మొబైల్ ఆటలో దీనికి సమానమైనదేమీ లేదు. అక్కడ తిరిగి రావడమంటే ‘మళ్లీ ఆడు’ బటన్ నొక్కడం.

రెండు వంశాల కలయిక

అన్‌లీష్డ్‌ను ‘పార్టీ రాయల్’ అని పిలుస్తారు. పార్టీ గేమ్, బ్యాటిల్ రాయల్ అనే రెండు రకాలు కలిసి పుట్టిన జాతి ఇది. రెండింటి మూలాలూ జపాన్‌లోనే ఉన్నాయి, రెండు చోట్లా ఒకే మనిషి కనిపిస్తారు.

ఆయన తకేషి కిటానో. హాస్యనటుడిగా పేరు తెచ్చుకుని దర్శకుడిగా ప్రపంచ ఖ్యాతి పొందిన కిటానో 1986 నుంచి 1990 వరకు జపాన్ టెలివిజన్‌లో ‘తకేషీస్ కాజిల్’ నడిపారు. వందమంది దాకా మామూలు మనుషులు బురదగుంటల మీదుగా, దొర్లే బండల కింద నుంచి, జారే రాళ్ల మీద గెంతుతూ కోటను చేరుకోవడానికి ప్రయత్నించి నవ్వులపాలవుతారు. భారతదేశంలో పోగో ఛానల్‌లో జావేద్ జాఫ్రీ హిందీ వ్యాఖ్యానంతో ఈ కార్యక్రమం ఒక తరం పిల్లలకు బాగా తెలుసు. పదేళ్ల తరువాత, 2000లో, కింజి ఫుకసాకు తీసిన ‘బ్యాటిల్ రాయల్’ సినిమాలో అదే కిటానో ఉపాధ్యాయుడి వేషం వేశారు. కోషున్ తకామి 1999లో రాసిన నవల ఆ సినిమాకు ఆధారం. ఒక బడి పిల్లల తరగతిని దీవి మీద వదిలి, ఒక్కరు మిగిలేదాకా చంపుకోమంటారు. ఒక చోట పడిపోవడం నవ్వు పుట్టిస్తుంది, రెండో చోట పడినవాడు లేవడు.

ఆ రెండు దారులూ వీడియో గేముల్లో వేర్వేరుగానే నడిచాయి. ‘బ్యాటిల్ రాయల్’ సినిమా స్ఫూర్తితో బ్రెండన్ గ్రీన్ ఇతర ఆటలకు మార్పులు చేస్తూ పోయి, చివరికి కొరియా సంస్థ బ్లూహోల్‌తో కలిసి 2017లో పబ్‌జీ తెచ్చారు. వందమంది దీవి మీద దిగి ఒక్కరు మిగిలే ఆ ఆట మొబైల్ రూపం భారత్‌లో ఎంత వ్యాపించిందో, 2020 సెప్టెంబర్‌లో కేంద్రం దాన్ని నిషేధించాక 2021లో బీజీఎంఐ పేరుతో ఎలా తిరిగి వచ్చిందో హైదరాబాద్‌లో, విజయవాడలో ఏ కాలేజీ కుర్రవాడినడిగినా చెబుతాడు.

‘తకేషీస్ కాజిల్’ వైపు దారిలో బ్రిటన్ సంస్థ మీడియాటానిక్ 2020 ఆగస్టులో ‘ఫాల్ గైజ్’ విడుదల చేసింది. లాక్‌డౌన్ కాలం, ఇళ్లలో మగ్గుతున్న జనం, జెల్లీ బీన్ ఆకారపు బొమ్మలు 60 కలిసి ఒకే ద్వారం వైపు దొమ్మీగా పరుగెత్తడం. తుపాకులు లేవు, నెత్తురు లేదు. బ్యాటిల్ రాయల్‌లోని ‘ఒక్కడే మిగలాలి’ సూత్రాన్ని తీసి బురదగుంటల హాస్యానికి తగిలించారు. వెంటనే ‘స్టంబుల్ గైజ్’ వచ్చింది. ఫిన్లాండ్‌కు చెందిన కిట్కా గేమ్స్ తయారుచేసిన ఈ ఆటను 2022లో అమెరికా సంస్థ స్కోప్లీ కొనేసింది. ఫాల్ గైజ్ అప్పటికి ఫోన్లలో లేకపోవడం స్టంబుల్ గైజ్‌కు కలిసొచ్చింది. ఒక్కో ఆటకు 32 మంది అన్న లెక్క అక్కడ అప్పటికే ఉంది.

అన్‌లీష్డ్ ఈ వరసలో చివరిది. రూపురేఖల్లో స్టంబుల్ గైజ్‌కు తమ్ముడు. అయితే ఫాల్ గైజ్ వదిలేసిన నెత్తురును ఇది మళ్లీ తెచ్చుకుంది. కిటానో నవ్వించిన కార్యక్రమమూ, కిటానో భయపెట్టిన సినిమా వారసత్వమూ ఒకే తెర మీద కలిశాయి. కార్టూన్ బొమ్మ గాలిలో గిరికీలు కొట్టి పడిపోతే నవ్వొస్తుంది, మరుక్షణం ఎర్రటి మరక కనిపిస్తుంది.

అనధికార ఆటలు

నెట్‌ఫ్లిక్స్ మేలుకునేలోపే జనం తమ సొంత స్క్విడ్ గేములు తయారు చేసుకున్నారు. 2021 శరదృతువులో రాబ్లాక్స్ వేదిక మీద బొమ్మ తిరిగే ఆట నకళ్లు కుప్పలుగా పుట్టాయి. అదే ఏడాది అక్టోబర్ 29న నార్వేకు చెందిన ‘డానీ’ అనే యువ యూట్యూబర్ ‘క్రాబ్ గేమ్’ పేరుతో కంప్యూటర్లకు ఉచిత ఆట విడుదల చేశాడు. స్క్విడ్ బదులు పీత. దగ్గరగా నిలబడ్డవారి మాటలే వినిపించే వాయిస్ చాట్ అందులో ఉంది, ఆట సరదా సగం ఆ అరుపుల్లోనే. పెద్ద సంస్థకు మూడేళ్లు పట్టిన పని ఒక కుర్రవాడు వారాల్లో చేసి చూపించాడని చెప్పుకోవచ్చు. ఆ ఆట అంత పద్ధతిగా లేదన్నది కూడా నిజమే.

నిజమైన మనుషులతోనూ ఈ ఆట ఆడించారు. అమెరికన్ యూట్యూబర్ మిస్టర్‌బీస్ట్ 2021 నవంబర్‌లో 456 మందిని పోగు చేసి, 4,56,000 డాలర్ల బహుమతితో ధారావాహిక ఆటల్లో చాలావాటిని ఆడించిన వీడియో పెట్టాడు. నెట్‌ఫ్లిక్స్ తానే 2023 నవంబర్‌లో ‘స్క్విడ్ గేమ్: ది ఛాలెంజ్’ అనే రియాలిటీ షో నడిపి, విజేతకు 45.6 లక్షల డాలర్లు ఇచ్చింది. కథలోని ముసుగు ధనికుల కుర్చీలో ప్రేక్షకులను కూర్చోబెట్టిన ఆ షోతో పోలిస్తే, ఎవరికీ దెబ్బ తగలని మొబైల్ ఆట చాలా అమాయకమైనది. విమర్శకులు ఈ తేడాను ఎక్కువగా పట్టించుకోలేదు.

ఆట నడిచే తీరు

తెరిచిన వెంటనే ఆటగాడికి ఒక పాత్ర దొరుకుతుంది. ఆకుపచ్చ ట్రాక్‌సూటు, ఛాతీ మీద అంకె. ఎడమ బొటనవేలితో నడిపించాలి, కుడివైపు బటన్లతో గెంతాలి, కొట్టాలి. ఆట ఎక్కువగా రౌండ్ల వారీగా సాగుతుంది. ప్రతి రౌండ్‌లో కొందరు మిగులుతారు, కొందరు ఔట్.

ధారావాహిక నుంచి నేరుగా వచ్చిన ఆటల్లో బొమ్మ తిరిగే ఆట, గాజు వంతెన ముఖ్యమైనవి. వీటి పక్కనే ధారావాహికలో ఎక్కడా లేని కొత్త అడ్డంకులు, అచ్చులో స్టంబుల్ గైజ్‌ను తలపించే పరుగు పందేలు ఉన్నాయి. రెండో సీజన్ వచ్చాక 2025 జనవరిలో ‘మింగిల్’ చేర్చారు. తిరిగే రంగులరాట్నం మీద అందరూ నిలబడి ఉంటారు, పాట ఆగగానే ఒక అంకె వినిపిస్తుంది, సరిగ్గా అంతమందే ఒక గదిలోకి దూరి తలుపు వేసుకోవాలి. మ్యూజికల్ చైర్స్‌కు క్రూరమైన రూపం. ధారావాహికలో ఈ ఆట స్నేహాలను పరీక్షకు పెడుతుంది. ఇప్పటిదాకా చేయి పట్టుకున్నవాడినే బయటికి నెట్టాల్సి వస్తుంది. ఫోన్‌లో అపరిచితుల మధ్య అలాంటి బంధమేదీ ఉండదు కాబట్టి అది వేగంగా గది పట్టుకునే పోటీ మాత్రమే.

నా మటుకు ఈ తేడా అత్యంత స్పష్టంగా కనిపించేది గాజు వంతెన దగ్గర. ధారావాహికలో ముందు నడిచేవాడు చనిపోతే వెనకవాళ్లకు దారి తెలుస్తుంది. అందుకే ముందుకు వెళ్లడానికి ఎవరూ సిద్ధపడరు, ఒకరినొకరు తోసుకుంటారు. ఎవరి చావు ఎవరికి లాభమన్నది లెక్క. మొబైల్ ఆటలో చావు ఖరీదు రెండు నిమిషాలు. అందువల్ల ముందుకు దూకేవాళ్లకు కొదవ ఉండదు, భయం ఉండదు, తప్పు పలక మీద పడి కిందికి జారిపోయేవాడే నవ్వుతాడు. నియమం అదే అయినా, పోగొట్టుకునేది మారిపోయేసరికి ఆట స్వభావమే మారింది.

పాత్రల విషయంలోనూ ఇదే జరిగింది. రెండో సీజన్ నుంచి ఆటలో చేర్చిన పాత్రల్లో 149వ నంబరు గ్యూమ్ జా, ఆమె కొడుకు 007వ నంబరు యోంగ్ సిక్, ఊదారంగు జుట్టు ర్యాపర్ థానోస్ ఉన్నారు. ధారావాహికలో యోంగ్ సిక్ జూదంలో అప్పులపాలై వస్తాడు. అతని అప్పు తీర్చడానికి తల్లి కూడా అతనికి తెలియకుండా వస్తుంది. ఇద్దరూ లోపల ఒకరినొకరు చూసుకుని నిర్ఘాంతపోతారు. మూడో సీజన్‌లో మరో తల్లినీ బిడ్డనూ కాపాడటానికి గ్యూమ్ జా తన కొడుకును తానే పొడవాల్సి వస్తుంది. మొత్తం ధారావాహికలో దీన్ని మించి గుండె పిండే ఘట్టం లేదు. ఫోన్ ఆటలో ఆ తల్లీకొడుకులు వారానికొకరు చొప్పున సంపాదించుకోదగిన బొమ్మలు.

ఫోన్ లోపల

కనబడని సాంకేతిక సమస్యలు ఇలాంటి ఆటల్లో చాలా ఉంటాయి. 32 ఫోన్లు వేర్వేరు ఊళ్లలో, వేర్వేరు నెట్‌వర్క్‌ల మీద ఉంటాయి. ఒక ఆటగాడి వేలి కదలిక సర్వర్‌కు చేరి తిరిగి మిగతా 31 ఫోన్లకు అందడానికి సెకనులో కొంత భాగం పడుతుంది. ఆ ఆలస్యం తెలియకుండా చేయడానికి ప్రతి ఫోన్ తన పాత్ర ఎటు పోతుందో ముందే ఊహించి తెర మీద చూపిస్తుంది, తరువాత సర్వర్ చెప్పినదానితో సరిచూసుకుంటుంది. రెండూ కుదరకపోతే పాత్ర ఉన్నట్టుండి వెనక్కి జరిగినట్టు కనిపిస్తుంది. ఆడేవాళ్లు దాన్నే ‘లాగ్’ అని తిట్టుకుంటారు.

పరుగు పందెంలో ఈ చిన్న తేడా పెద్దగా పట్టదు. బొమ్మ తిరిగే ఆటలో మాత్రం పరిస్థితి వేరు. ఎవరి గడియారం ప్రకారం బొమ్మ తిరిగింది? సర్వర్ దృష్టిలో బొమ్మ ఇటు తిరిగిపోయింది, కానీ ఆ సంగతి నా ఫోన్‌కు ఇంకా చేరలేదు, నా తెర మీద బొమ్మ వీపే కనిపిస్తోంది, నేను పరుగెత్తుతూనే ఉన్నాను. అన్యాయంగా ఔటయ్యానని అనిపిస్తుంది. ఇలాంటి ఆటలు తయారుచేసేవారు సాధారణంగా రెండు ఉపాయాలు వాడతారు. తిరగబోతున్నట్టు ముందే సంకేతం ఇవ్వడం ఒకటి, తిరిగిన తరువాత కనురెప్పపాటు సడలింపు ఇవ్వడం రెండోది. టెలివిజన్‌లో బొమ్మ తల గిర్రున తిరిగినప్పుడు ఒళ్లు జలదరిస్తుంది. ఆటలో ఆ తల తిరుగుడుకు ప్రదర్శన కంటే ముందు ప్రకటన పని ఉంటుంది.

బొమ్మలు కార్టూన్లలా గుండ్రంగా, వివరాలు తక్కువగా ఉండటానికి అందం ఒక్కటే కారణం కాదు. ఒకే తెర మీద మూడు పదుల మంది కదలాలి, తక్కువ ధర ఆండ్రాయిడ్ ఫోన్ వేడెక్కకూడదు, చిన్న తెర మీద ఎవరెక్కడ ఉన్నారో ఒక్క చూపులో తెలియాలి. పింక్ దుస్తుల కాపలాదారులు, ఆకుపచ్చ ఆటగాళ్లు, మిఠాయి రంగుల మెట్లు. ధారావాహిక కళా దర్శకత్వం ఇందుకు ముందే అనువుగా ఉంది. పిల్లల పుస్తకం రంగుల్లో హత్యలు చూపించాలన్నది అక్కడి ఆలోచన. అందుకే ఆ లోకాన్ని పార్టీ గేమ్‌గా మార్చడానికి కొత్తగా గీయాల్సింది తక్కువే. వికృతం చేయడానికి వాడిన రంగులు తిరిగి తమ మొదటి పనికి వచ్చాయి.

నెట్‌ఫ్లిక్స్ లెక్క

నెట్‌ఫ్లిక్స్ 2021 నవంబర్‌లో మొబైల్ ఆటల్లోకి అడుగుపెట్టింది. ‘స్ట్రేంజర్ థింగ్స్’ ఆధారంగా ఉన్న రెండు ఆటలతో పాటు మొత్తం ఐదు ఆటలు మొదట వచ్చాయి. చందాదారులకే లభ్యం, ప్రకటనలు ఉండవు, లోపల కొనాల్సిందేమీ ఉండదు. చందా మానేయకుండా జనాన్ని నిలుపుకోవడానికి ఆటలు మరో కారణంగా ఉంటాయన్నది ఆశ. వరుసగా నైట్ స్కూల్ స్టూడియో, ఫిన్లాండ్‌లోని నెక్స్ట్ గేమ్స్, బాస్ ఫైట్, స్ప్రై ఫాక్స్ సంస్థలను కొన్నారు. బాస్ ఫైట్ కొనుగోలు 2022 మార్చిలో జరిగింది. 2013లో మొదలైన ఆ స్టూడియోకు ‘డంజన్ బాస్’ అనే మొబైల్ ఆటతో పేరు వచ్చింది, నెట్‌ఫ్లిక్స్‌లో చేరాక ‘నెట్‌ఫ్లిక్స్ స్టోరీస్’ కూడా వారే తయారు చేశారు.

అన్‌లీష్డ్ విషయంలో సంస్థ తన నియమం తానే తప్పింది. 2024 డిసెంబర్ 12న లాస్ ఏంజెలెస్‌లో జరిగిన గేమ్ అవార్డ్స్ వేడుకలో, చందా లేనివారు కూడా ఈ ఆట ఉచితంగా ఆడుకోవచ్చని ప్రకటించింది. కారణం ఊహించడం కష్టం కాదు. 32 మంది కావాల్సిన ఆటకు జనం లేకపోతే ఆటే లేదు. పైగా డిసెంబర్ 26న రెండో సీజన్ రాబోతోంది. ఉచితంగా దొరికే ఆట కంటే మంచి గోడ పోస్టరు మరొకటి ఉండదు.

ఆ పోస్టరు రెండు వైపులా పనిచేసింది. రెండో సీజన్ ఎపిసోడ్లు చూసినవారికి ఆటలో వాడుకునే డబ్బు, టోకెన్లు దక్కాయి. ఏడూ చూసినవారికి ఒక జత ప్రత్యేక దుస్తులు. ఆట ఆడితే ధారావాహిక గుర్తొస్తుంది, ధారావాహిక చూస్తే ఆటలో లాభం. అంటే ప్రేక్షకుడు చూసే ప్రతి గంటనూ ఆట లెక్కపెడుతోంది. చావుల లెక్కతో గాజు పందిలోకి డబ్బు పడే కథకు అనుబంధంగా, చూపుల లెక్కతో జేబులోకి డబ్బు పడే పథకం రాసినవారికి తాము రాసినదాని వెనక ఉన్న వెటకారం తట్టిందో లేదో మరి.

ఇక్కడ ఆటలోని డబ్బు డబ్బు కాదని చెప్పాలి. నిజమైన సొమ్ము పెట్టే అవకాశమే లేదు, గెలిచినా రాదు. తెలుగు రాష్ట్రాల్లో ఈ తేడాకు విలువ ఉంది. ఆన్‌లైన్ రమ్మీ లాంటి ఆటలను తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో చట్ట సవరణలతో నిషేధించాయి. డబ్బు పణంగా పెట్టే ఆన్‌లైన్ ఆటలన్నిటినీ దేశవ్యాప్తంగా ఆపుతూ 2025 ఆగస్టులో పార్లమెంటు చట్టం చేసింది. గీ హున్, యోంగ్ సిక్‌ల లాంటి అప్పులకు దారితీసే ఆటలు ఈ చట్టాల పరిధిలోకి వస్తాయి, వాళ్ల బొమ్మలతో ఆడుకునే ఈ ఆట రాదు.

ఆదరణ, విమర్శ

విడుదలైన రోజుల్లోనే ఆట చాలా దేశాల ఆపిల్ స్టోర్ జాబితాల్లో పైకి ఎక్కింది. ఉచిత యాక్షన్ గేముల్లో వందకు పైగా దేశాల్లో మొదటి స్థానం వచ్చిందని నెట్‌ఫ్లిక్స్ 2025 జనవరిలో వాటాదారులకు చెప్పుకుంది. ఆటల విభాగం మొదలుపెట్టాక సంస్థ సొంత కథ ఆధారంగా ఇంత వేగంగా జనంలోకి వెళ్లిన ఆట దాదాపు లేదు. రెండో సీజన్ తెలుగు డబ్బింగ్‌తో కూడా అందుబాటులో ఉండటంతో ఇక్కడి కుర్రకారుకు బొమ్మ, కాపలాదారులు, మింగిల్ పాట పరిచయమే.

విమర్శ ఎక్కువగా ఒకే వైపు నుంచి వచ్చింది. పెట్టుబడి సమాజం మనుషులను ఒకరి మీదికి ఒకరిని ఎలా ఎగదోస్తుందో చూపించిన కథను పెట్టుబడి సమాజం ఎంత చక్కగా అమ్ముకుందో చూడండి అన్నారు. ఈ మాటలో నిజముంది గానీ అది కాస్త తేలికగా దొరికే మాట. ధారావాహిక మొదటి వారం నుంచే దుకాణాల్లో ఆకుపచ్చ ట్రాక్‌సూట్లు, తెల్ల బూట్లు అమ్ముడుపోయాయి, డాల్గొనా తయారుచేసే డబ్బాలు అమ్ముడుపోయాయి. ఆట అందుకు కొత్తగా చేర్చిందేమీ లేదు.

దీనికంటే గట్టి అభ్యంతరం ఆట పనితనం గురించి. ధారావాహిక ఆటల్లో అసలు పట్టు ఒప్పందాల్లో, నమ్మకద్రోహాల్లో ఉంటుంది. గోలీల ఎపిసోడ్‌లో అలీని తోటి ఆటగాడు సాంగ్ వూ మోసం చేసే దృశ్యం గుర్తున్నవారికి ఇది తెలుసు. పార్టీ గేముల్లో అలాంటిది సాధ్యం కాదని కాదు. ‘అమాంగ్ అస్’ లాంటి సాదాసీదా ఆట మాట్లాడించి, అనుమానించేలా చేసి, అబద్ధాలు చెప్పించి కోట్లమందిని కూర్చోబెట్టింది. అన్‌లీష్డ్ ఆ దారి పట్టలేదు. పరుగు, గెంతు, దెబ్బ. గోలీల ఆటను అలా మలచి ఉంటే ఈ ఆట మరో స్థాయికి వెళ్లేదని నా అభిప్రాయం. నెత్తురు మరకలు పెట్టినంత మాత్రాన మూలకథకు దగ్గరైనట్టు కాదు, నమ్మకాన్ని ఆటవస్తువు చేసి ఉంటే అయ్యేది.

తరువాతి కాలం

2025 జూన్ 27న మూడో, చివరి సీజన్ వచ్చింది. ఈలోగా 2025 జనవరిలో ‘కాల్ ఆఫ్ డ్యూటీ: బ్లాక్ ఆప్స్ 6’లోకి స్క్విడ్ గేమ్ పాత్రలు, బొమ్మ చేరాయి. స్క్విడ్ గేమ్ ఇక ఒక ఆటకు పరిమితం కాకుండా ఏ ఆటలోకైనా అద్దెకు వెళ్లే అలంకారంగా మారింది.

నెట్‌ఫ్లిక్స్ ఆటల విభాగం దిశ కూడా మారింది. 2024 జూలైలో ఎపిక్ గేమ్స్ నుంచి వచ్చి విభాగాధిపతి అయిన అలాన్ టాస్కాన్ పార్టీ గేముల మీద, పిల్లల ఆటల మీద, తమ కథల ఆధారిత ఆటల మీద, అందరికీ తెలిసిన పెద్ద పేర్ల మీద దృష్టి పెడతామన్నారు. భారీ ఖర్చుతో ఆటలు చేయాలనుకున్న సొంత స్టూడియోను అదే ఏడాది మూసేశారు. 2025 చివర్లో టీవీ తెర మీద ఆడుతూ ఫోన్‌నే రిమోట్‌గా వాడే కుటుంబ ఆటలు వచ్చాయి, వాటిలో పిక్షనరీ, బాగుల్ వంటి పాత పేర్లు ఉన్నాయి. అపరిచితులు 32 మంది కలిసే ఆట నుంచి ఒకే గదిలో కూర్చున్న నలుగురి ఆట వైపు ఈ మొగ్గు కనిపిస్తుంది.

2025 అక్టోబర్‌లో నెట్‌ఫ్లిక్స్ బాస్ ఫైట్ ఎంటర్‌టైన్‌మెంట్‌ను మూసివేసింది. వందకు పైగా దేశాల్లో మొదటి స్థానం గురించి వాటాదారులకు రాసి అప్పటికి ఏడాది కూడా కాలేదు.